‘లక్కు బాగున్న రోజే ఆడాలి’: స్టార్‌డ్యూ వ్యాలీ మినీ గేముల మీద ఒక ఖండన

స్టార్‌డ్యూ వ్యాలీ అనే పల్లె సేద్యపు వీడియో గేమ్ ఆడేవాళ్ల మధ్య ఒక సలహా చాలాకాలంగా చేతులు మారుతోంది. దాని సారాంశం ఇది: ఈ ఆట లోపల వచ్చే చిన్న ఆటలు, అంటే మినీ గేములన్నీ అదృష్టం మీదే నడుస్తాయి కాబట్టి పొద్దున్నే టీవీలో జ్యోతిష్యం ఛానల్ చూసి, రోజు బాగుందంటేనే వాటి జోలికి వెళ్లాలి, చేపలు పట్టడం చేతివేగం ఉన్నవాళ్లకే సాధ్యం, సంతలో తిరిగే చక్రం దగ్గర పచ్చరంగు మీద ఉన్నదంతా పెట్టేస్తే చాలు, పండుగ పోటీలను మొదటి ఏడాది గెలవడం కుదరదు, ఊరి మద్యశాల ‘సెలూన్’లోని ఆర్కేడ్ యంత్రాల ఆటలను జయించనిదే ఆట పూర్తయినట్టు కాదు. వీటిలో అక్కడక్కడా కొంత నిజం లేకపోలేదు. ఆ కొంత నిజాన్ని చూపించి మిగతాదంతా నమ్మించడమే ఈ సలహాతో వచ్చిన చిక్కు.

మొదట అదృష్టం సంగతి చూద్దాం. 2016 ఫిబ్రవరి 26న విడుదలైన ఈ ఆటను ఎరిక్ బరోన్ ఒక్కడే తయారుచేశాడు. ఇందులో ఏ రోజుకారోజు ఒక అదృష్టపు విలువ నిర్ణయమవుతుంది. అది మైనస్ 0.1 నుంచి ప్లస్ 0.1 వరకు ఉంటుంది. టీవీలో జ్యోతిష్యురాలు చెప్పేది ఆ విలువ గురించే. ఈ ఆట అధికారికంగా ఏ భారతీయ భాషలోనూ రాలేదు కనుక ఆవిడ ఆత్మల ప్రసన్నత గురించి చెప్పే మాటలు మన దగ్గరికి వచ్చేసరికి ‘ఈ రోజు లక్కు బాగుంది’ అన్న ఒక్క ముక్కగా మిగిలాయి, ఆ ముక్కను అన్నిటికీ అంటగట్టడం సులువైపోయింది. నిజానికి ఆ విలువ గనుల్లో నిచ్చెనలు దొరకడం వంటి కొన్ని లెక్కల్లోకి మాత్రమే వెళుతుంది. చేపలు పట్టేటప్పుడు నిధిపెట్టె కనబడే అవకాశం మామూలుగా 15 శాతం. అన్నిటికన్నా మంచి రోజున అది 20 శాతానికి చేరుతుంది, అన్నిటికన్నా చెడ్డ రోజున 10 శాతానికి పడిపోతుంది. అంతే తప్ప గాలానికి తగిలిన చేప ఎలా కదులుతుందో, చేపను లోపల ఉంచి పట్టుకోవలసిన మీ పచ్చ బార్ ఎంత పొడవుంటుందో, చేప ఎంత త్వరగా తప్పించుకుంటుందో, వీటిలో ఏ ఒక్కదాన్నీ ఆ విలువ తాకదు. జ్యోతిష్యురాలు పెదవి విరిచిన రోజున క్యాట్‌ఫిష్ తప్పించుకుంటే ఆ తప్పు ఆవిడది కాదు.

ఈ విలువ నేరుగా పనిచేసే మినీ గేమ్ ఒకటి ఉంది: ఎడారిలో ఒయాసిస్ దుకాణం వెనక ఉన్న కసీనోలోని స్లాట్ మెషిన్లు. అక్కడ మంచి రోజున గెలిచే అవకాశాలు దాదాపు ఐదో వంతు పెరుగుతాయి, అదృష్టాన్ని పెంచే వంటకం తింటే ఇంకొంచెం పెరుగుతాయి. కాబట్టి కసీనోకు టీవీ చూసి వెళ్లమని ఎవరైనా చెబితే అభ్యంతరం లేదు. అయితే అక్కడ 1,000 గోల్డ్ (ఆటలోని డబ్బు) ఇచ్చి కొనే 100 చీ నాణేలు, అంటే కసీనో నాణేలు, తిరిగి గోల్డ్‌గా మారవని కూడా చెప్పాలి. 10,000 నాణేల ఖరీదుండే అరుదైన దిష్టిబొమ్మ వంటి కొన్ని వస్తువుల కోసం వెళ్లేవాళ్లకే ఆ చోటుతో పని. ఈ ఒక్క చోట నిజమైన నియమాన్ని తెచ్చి చెరువుగట్టు మీద, సంతలో, సెలూన్‌లో అమలు చేయమనడం దగ్గరే సలహా దారి తప్పింది.

ఇక చేతివేగం. చేపల ఆట కొత్తవాళ్లను విసిగిస్తుందన్న మాట నిజం. మొదటి వారంలో గాలాన్ని పెట్టెలో పడేసి మళ్లీ తీయనివాళ్లు చాలామందే ఉంటారు. కానీ కారణం వేళ్లలో లేదు, బార్ పొడవులో ఉంది. చేప పైకీ కిందికీ తిరిగే నిలువు గాడి ఎత్తు 568 పిక్సెళ్లు. ఫిషింగ్ లెవెల్ సున్నాగా ఉన్నప్పుడు మీ బార్ 96 పిక్సెళ్లే, అంటే గాడిలో ఆరో వంతు. ప్రతి లెవెల్‌కూ 8 పిక్సెళ్లు కలుస్తూ పదో లెవెల్‌కు 176 అవుతుంది. దాని మీద గాలానికి కార్క్ బాబర్ అనే పరికరం తగిలిస్తే మరో 24 వస్తాయి. లెవెల్‌ను తాత్కాలికంగా 4 పెంచే సీఫోమ్ పుడ్డింగ్ తింటే ఇంకో 32 వస్తాయి. మొత్తం 232 పిక్సెళ్లు, అంటే గాడిలో ఐదింట రెండు వంతుల పైమాటే. అదే చేప, అదే వేగం, అవే వేళ్లు. మొదటి వారంలో అసాధ్యమైనది రెండో ఏడాదిలో నల్లేరు మీద నడక అవుతుంది. దాన్ని చూసి ‘వాడికి చెయ్యి తిరిగింది’ అనుకుంటారు గానీ, పెరిగినదాంట్లో ఎక్కువ భాగం బార్.

కొత్తవాళ్లకు ఈ సలహా చెప్పని సంగతి మరొకటి ఉంది. గాలాలమ్మే విల్లీ దుకాణంలో 25 గోల్డ్‌కే దొరికే ట్రైనింగ్ రాడ్‌తో బార్ ఐదో లెవెల్‌లో ఉన్నంత పొడవుగా, అంటే 136 పిక్సెళ్లుగా వస్తుంది. దానితో తేలిక చేపలే పడతాయి, వాటి నాణ్యత కూడా మామూలుగానే ఉంటుంది, అయినా లెవెళ్లు పెంచుకోవడానికి అంతకన్నా చౌకైన దారి లేదు. చిన్నతనంగా భావించి దాన్ని కొననివాళ్లే, వెదురుగాలంతో కుస్తీపట్టి, ఆట కఠినమని తీర్మానించేస్తారు.

బార్‌ను నడిపే పద్ధతి గురించి కూడా ఇక్కడే చెప్పాలి, ఎందుకంటే వేగమన్న భ్రమ పుట్టేది అక్కడే. బార్‌కు బరువుంది. బటన్ నొక్కి ఉంచితే అది పైకి వెళుతూ వేగం పుంజుకుంటుంది, వదిలితే కిందికి వస్తూ వేగం పుంజుకుంటుంది, అడుగున తగిలితే ఎగిరిపడుతుంది. చేప వెంట పరుగెత్తి బటన్‌ను గట్టిగా నొక్కి పట్టేవాళ్ల బార్ చేపను దాటిపోయి, తిరిగొచ్చి, మళ్లీ దాటిపోతుంది. తేలికగా, లయ తప్పకుండా తడుతూ బార్‌ను ఒకచోట తేలుతున్నట్టు నిలిపి, చేప నిజంగా చోటు మారినప్పుడే తట్లు పెంచడమో ఆపడమో చేస్తే సగం చేపలు వాటంతటవే దొరుకుతాయి. ఆ పైన చేప స్వభావం తెలియాలి. పఫర్‌ఫిష్ పైకి లాగుతుంది, ఆక్టోపస్ కిందికి దిగుతుంది. క్యాట్‌ఫిష్, స్టర్జన్ ఎటైనా తిరుగుతాయి. ఆక్టోపస్ కోసం వెళ్లేవాళ్లు బార్ అడుగున ఎగిరిపడకుండా ఆపే లెడ్ బాబర్ తగిలించుకోవడం, చేప జారిపోయే వేగం తగ్గాలనుకునేవాళ్లు ట్రాప్ బాబర్ ఎంచుకోవడం నైపుణ్యమే, కానీ అది ఆలోచనకు సంబంధించిన నైపుణ్యం.

సలహాలో అన్నిటికన్నా ప్రమాదకరమైన భాగం చక్రం గురించి చెప్పినది. ఫాల్ సీజన్ 16వ తేదీన జరిగే స్టార్‌డ్యూ వ్యాలీ సంతలో పచ్చ, నారింజ రంగులున్న చక్రం మీద టోకెన్లు పందెం కాయవచ్చు. చూడటానికి సగం సగంలా ఉన్నా నాలుగింట మూడుసార్లు పచ్చ మీదే ఆగుతుంది. పచ్చను ఎంచుకోమనడం సరైనదే. ‘ఉన్నదంతా పెట్టేయి’ అన్నదే కొంప ముంచుతుంది. ఒక టోకెన్ 50 గోల్డ్ చొప్పున 5,000 గోల్డ్‌కు 100 టోకెన్లు కొన్నారనుకుందాం. సంతలో అసలు కొనవలసిన వస్తువు స్టార్‌డ్రాప్ అనే అరుదైన పండు, దాని ధర 2,000 టోకెన్లు. ప్రతిసారీ అంతా పెడితే 100 నుంచి 3,200 వరకు రెట్టింపు అవుతూ ఐదుసార్లు వరసగా గెలవాలి. ఒక్కోసారి 75 శాతమే అయినా ఐదుసార్లు వరసగా గెలిచే అవకాశం 24 శాతమే. నలుగురిలో ముగ్గురు ఎక్కడో ఒకచోట సున్నా అయిపోయి, చక్రంలో మోసం ఉందనో, పొద్దున టీవీ చూడలేదనో అనుకుంటూ ఇంటికి పోతారు.

ఇలాంటి పందేల్లో ఎంత పెట్టాలన్న ప్రశ్నకు బెల్ ల్యాబ్స్‌లో పనిచేసిన జాన్ కెల్లీ 1956లో ప్రచురించిన సూత్రం జవాబు చెబుతుంది. పెట్టినంతే లాభం వచ్చే పందెంలో, గెలిచే అవకాశం నుంచి ఓడే అవకాశాన్ని తీసేస్తే వచ్చేదే చేతిలో ఉన్నదాంట్లో పెట్టవలసిన వాటా. ఇక్కడ అది 75 లోంచి 25 పోగా 50 శాతం, అంటే సరిగ్గా సగం. 100లో 50 పెట్టి గెలిస్తే 150. దానిలో సగం పెట్టి గెలిస్తే 225. ఈసారి 112 పెట్టి ఓడితే 113. మళ్లీ సగం పెట్టి గెలిస్తే 169. నాలుగింట ఒకటి ఓడినా సొమ్ము ఒకటిన్నర రెట్లకు పైగా పెరిగింది. ఈ లెక్కన 100 నుంచి 2,000కు చేరడానికి దాదాపు 23 సార్లు తిప్పవలసి రావచ్చు. సంత జరుగుతున్నంతసేపూ ఆటలో గడియారం కదలదు కనుక ఓపిక తప్ప మరే ఖర్చూ లేదు. అదృష్టాన్ని పెంచే వంటకం తిని వస్తే ఇక్కడ కొంచెం మేలు జరుగుతుంది గానీ టీవీ చెప్పే రోజువారీ విలువకు ఈ చక్రంతో సంబంధం లేదు.

అసలు 100తో మొదలుపెట్టవలసిన అవసరమే లేదు, ఎందుకంటే అదే సంతలో ప్రదర్శన పోటీ ఉంది. తొమ్మిది వస్తువులు పెట్టి 90 పాయింట్లు తెచ్చుకుంటే మొదటి బహుమతిగా 1,000 టోకెన్లు వస్తాయి. ఒక్కో రకానికి 5 పాయింట్ల చొప్పున 30 వరకే కలుస్తాయి కాబట్టి కూరగాయ, పండు, చేప, ఖనిజం, పాలో గుడ్డో, జామో జున్నో ఇలా ఆరు రకాలుంటే చాలు. మిగిలిన మూడు చోట్ల ధర, నాణ్యత ఎక్కువగా ఉన్నవేవైనా పెట్టవచ్చు. చేతిలో 1,000 ఉన్నాక చక్రం మీద 500, గెలిస్తే మళ్లీ 500, అంతటితో 2,000. మొదటిసారే ఓడినా ఇంకా 500 మిగులుతాయి.

‘మొదటి ఏడాది కుదరదు’ అన్న మాటకు జవాబు ఇక్కడే మొదలైంది. ఆటలో ఒక్కో సీజన్ 28 రోజులే, సంత నాటికి ఆట మొదలై 72 రోజులవుతాయి. మొదటి రోజుల్లోనే మంచి నాణ్యత గల వస్తువును ఒక్కొక్కటి పెట్టెలో దాచుకుంటూ వచ్చినవాళ్లు పోటీలో ఉండే ఊరివాళ్లు పియర్, మార్నీ, విల్లీలను మొదటి ఏడాదే దాటిపోతారు. వింటర్ 8న జరిగే మంచు పండుగ చేపల పోటీ 92వ రోజున వస్తుంది. ఒంటరిగా ఆడేవాళ్లకు అక్కడ ఐదు చేపలు పడితే గెలుపు. చేప ఏ రకం, ఎంత పెద్దది అన్నది లెక్కలోకే రాదు, సంఖ్య మాత్రమే చూస్తారు. అప్పటికి లెవెల్ పెంచుకోనివాళ్లకు అది కష్టమే, కానీ దానికి కారణం ఏడాది కాదు. నిజంగా తొందరగా వచ్చేది స్ప్రింగ్ 13న జరిగే గుడ్ల వేట ఒక్కటే. ఒంటరి ఆటలో తొమ్మిది గుడ్లు ఏరితే గెలుస్తారు, ఎనిమిదైతే ఊరి అమ్మాయి అబిగేల్ గెలుస్తుంది. అక్కడ ఊరి సందులు తెలిసి ఉండటమే బలం. రెండు వారాలపాటు పొలం దాటి రానివాళ్లు ఓడిపోతారు, బహుమతి గడ్డిటోపీ కోసం వచ్చే ఏడాది దాకా ఆగుతారు.

చివరగా సెలూన్ ఆర్కేడ్‌లోని రెండు ఆటలు. జర్నీ ఆఫ్ ది ప్రెయిరీ కింగ్, జూనిమో కార్ట్ రెండూ కఠినమైనవే. ఆ మాటను కాదనడం లేదు. ప్రెయిరీ కింగ్‌లో రాక్షసులు నాలుగు వైపులనుంచీ వస్తారు, దొరికిన శక్తివస్తువును ఒకటి దాచుకునే వీలుంటుంది, దాన్ని చుట్టుముట్టే క్షణం దాకా వాడకుండా ఉంచడం నేర్చుకోవడానికే చాలా ఓటములు పడతాయి. దుకాణందారు కనబడినప్పుడు 8 నాణేల బూట్లు ముందు కొంటే పరుగు పెరుగుతుంది. కానీ ‘ఇవి గెలవకపోతే ఆట పూర్తి కాదు’ అన్నది తప్పు. ఆటలో పరిపూర్ణత శాతాన్ని లెక్కించే జాబితాలో ఈ రెండు యంత్రాల ఊసే లేదు. ఆ జాబితాలో ఉన్నవి వేరే: ప్రతి చేపనూ పట్టడం, స్టార్‌డ్రాప్‌లు ఏడూ తినడం, 130 బంగారు వాల్‌నట్లు ఏరడం, ఇలాంటివి. అంటే ఆ జాబితా నేరుగా అడిగే మినీ గేమ్ చేపలది. స్టార్‌డ్రాప్ కోసం సంతలో టోకెన్లు కావాలి. జింజర్ ద్వీపంలో సముద్రపు దొంగలతో ఆడే డార్ట్స్ (బోర్డు మీదికి బాణాలు విసిరే ఆట) కూడా వాల్‌నట్లు ఇస్తుంది. ఈ మూడింటినీ పక్కన పెట్టి ప్రెయిరీ కింగ్ దగ్గర వారాలు కూర్చోబెట్టే సలహా ఆటగాడి సమయాన్ని తినేస్తుంది.

డార్ట్స్ గురించి ఆ సలహాలో ఒక్క మాటా లేదు కనుక ఇది నా వైపునుంచి. దొంగలు సరి తేదీల్లో రాత్రి 8 తర్వాత, వాన లేనప్పుడు మాత్రమే ఉంటారు. బాణం తగిలిన గది విలువను తీసేస్తూ 301 నుంచి సరిగ్గా సున్నాకు రావాలి. మొదటి ఆటలో 20 బాణాలు, తర్వాత 15, చివర 10. ఇరవై గదిలో మూడింతలు లెక్కపెట్టే సన్నని ట్రిపుల్ పట్టీలో ఐదు పడితే 300, ఆ పైన ఒకటి చాలు, కాబట్టి పది బాణాల ఆటలో కూడా నాలుగు వృథా చేసుకునే వెసులుబాటు ఉంది. చాలామంది ఓడేది గురి తప్పి కాదు. పదిహేనో పదహారో మిగిలినప్పుడు కూడా అలవాటు కొద్దీ ఇరవై మీదికే విసరడం వల్ల.