సంజీవయ్య గారు "నేరుగా" పార్లమెంటుకు వెళ్లలేదు

ఆంధ్రప్రదేశ్ మాజీ ముఖ్యమంత్రి దామోదరం సంజీవయ్య గారి జయంతో వర్ధంతో వస్తే చాలు, ఫోన్లలో ఒక మెసేజ్ చక్కర్లు కొడుతుంది. దాని సారాంశం ఇది: "పశువులు కాసుకునే కుర్రాడు 1950 ఎన్నికల్లో గెలిచి నేరుగా ఢిల్లీ పార్లమెంటులో కూర్చున్నాడు. అంతకుముందు ఉద్యోగం సద్యోగం ఏమీ చేయలేదు. రిజర్వేషన్ పుణ్యమా అని అన్నీ వాటంతటవే వచ్చాయి." దీన్ని కొందరు పొగడటానికి పంపుతారు, కొందరు తక్కువ చేయడానికి పంపుతారు. ఎవరు పంపినా మాయమయ్యేది మాత్రం ఆయన పడ్డ కష్టమే.

పశువులు కాసిన మాట నిజం. 1921లో కర్నూలు దగ్గర పెద్దపాడులో పుట్టారు. పసికందుగా ఉండగానే తండ్రి పోతే, కుటుంబం పాలకుర్తిలో మేనమామ దగ్గరికి చేరింది. పశువులు కాసింది అక్కడే. కానీ మెసేజ్ రాసినవాళ్లు అక్కడి నుంచి ఒక్క గెంతులో ఢిల్లీ చేరిపోతారు. మధ్యలో కర్నూలు మునిసిపల్ హైస్కూలు ఉంది. అనంతపురం దత్తమండల కళాశాలలో లెక్కలు, ఖగోళశాస్త్రం చదివి 1942లో తెచ్చుకున్న బి.ఎ. ఉంది.

"ఉద్యోగం సద్యోగం చేయలేదు" అన్నది పచ్చి అబద్ధం. నాకు అన్నిటికన్నా బాధ కలిగించేదీ ఇదే. రెండో ప్రపంచ యుద్ధం రోజులు. డిగ్రీ చేతిలో ఉన్నా ఉద్యోగం దొరకడం గగనం. చివరికి కర్నూలు రేషన్ ఆఫీసులో గుమస్తా పని దొరికింది, నెలకు 48 రూపాయల జీతం. 1944లో ఆ ఆఫీసు మూతపడింది, పని పోయింది. తర్వాత కేంద్ర ప్రజాపనుల శాఖలో అసిస్టెంటుగా చేరారు. అదీ తాత్కాలికమే, 1945 చివరికి అయిపోయింది. పరిచయమున్న ఒక జడ్జి ప్రోత్సాహంతో మద్రాసులో లా చదవడానికి వెళ్లారు. చదువుకు డబ్బు కావాలి కదా. అందుకని ఒకపక్క లా చదువుతూనే ఇంకోపక్క జార్జిటౌన్‌లోని ఒక హైస్కూల్లో పిల్లలకు లెక్కలు చెప్పారు. గుమస్తా, అసిస్టెంటు, లెక్కల మాస్టారు, ఆ తర్వాత లాయరు దగ్గర అప్రెంటిస్. వచ్చే నెల జీతం వస్తుందో రాదో అన్న టెన్షన్‌తో గడిచిన ఏళ్లవి. వాటిని ఒక్క వాక్యంతో కొట్టిపారేస్తే ఎలా?

ఇక "1950 ఎన్నికల్లో గెలిచి" అన్న మాట. ఆ ఏడాది దేశంలో సాధారణ ఎన్నికలే జరగలేదు. మొదటి సాధారణ ఎన్నికలు మొదలైంది 1951 అక్టోబరులో. 1950 జనవరి 26న, రాజ్యాంగాన్ని రాసిన రాజ్యాంగ సభే తాత్కాలిక పార్లమెంటుగా మారింది. అటు రాష్ట్ర శాసనసభలోనూ ఇటు ఈ పార్లమెంటులోనూ సభ్యులుగా ఉన్నవాళ్లు ఏదో ఒకటి వదులుకోవాల్సి వచ్చింది. ఎస్. నాగప్ప గారు మద్రాసు శాసనసభ సభ్యత్వాన్ని ఉంచుకుని పార్లమెంటు స్థానాన్ని వదిలారు. ఆ ఖాళీలోకి కాంగ్రెస్ నాయకులు ఎంచుకున్న యువకుడు సంజీవయ్య. అప్పటికి ఆయన ఇంకా అడ్వొకేటుగా నమోదు కూడా కాలేదు. ప్రజల ఓట్లతో గెలిచింది 1952లో, అదీ మద్రాసు శాసనసభకు. వెంటనే మద్రాసు ముఖ్యమంత్రి రాజాజీ మంత్రివర్గంలో మంత్రి అయ్యారు.

రిజర్వేషన్ సంగతి కూడా తేల్చుకుందాం. నాగప్ప గారు దళితులు, ఆ ఖాళీలో ఇంకో దళితుణ్ణి ఎంచుకున్నారు. ఇందులో దాచాల్సిందేమీ లేదు, సిగ్గుపడాల్సింది అంతకన్నా లేదు. దాని తర్వాత ఏం జరిగిందో కూడా చెప్పాలి కదా. 1960 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ముఖ్యమంత్రి అయ్యారు, దేశంలోనే మొదటి దళిత ముఖ్యమంత్రి. అప్పటికి ఆయనకు నలభై కూడా నిండలేదు. 1962లో కాంగ్రెస్ జాతీయ అధ్యక్షుడయ్యారు. ముఖ్యమంత్రి కుర్చీకి రిజర్వేషన్ ఉందా? పార్టీ అధ్యక్ష పదవికి ఉందా? "అన్నీ వాటంతటవే వచ్చాయి" అనేవాళ్లు ముందు దీనికి జవాబు చెప్పాలి.

ఆ మెసేజ్‌లో అసలు కనిపించనిది ఆయన చేసిన పని. ముఖ్యమంత్రిగా వృద్ధాప్య పింఛన్లు మొదలుపెట్టారు. 1964లో కేంద్ర కార్మిక మంత్రి అయ్యారు. బోనస్ చెల్లింపు చట్టం 1965లో ఆయన మంత్రిగా ఉండగానే వచ్చింది. లాభం వచ్చినా రాకపోయినా కార్మికుడికి ఏడాది జీతంలో 4 శాతం గానీ 40 రూపాయలు గానీ, ఏది ఎక్కువైతే అది, కనీస బోనస్‌గా ఇచ్చి తీరాలని ఆ చట్టం యజమానులకు చెప్పింది.