డబ్బు ఎవరిచ్చారు, ఎప్పుడిచ్చారు?

1932 అక్టోబర్‌లో ఒక జర్మన్ కమ్యూనిస్టు వారపత్రిక అట్ట మీద జాన్ హార్ట్‌ఫీల్డ్ ఫొటో మాంటేజ్ వచ్చింది. హిట్లర్ సెల్యూట్ చేస్తూ అరచేయి వెనక్కి వంచితే, వెనకున్న భారీకాయుడు అందులో నోట్లు పెడుతున్నాడు. 'నా వెనక లక్షలు లక్షలు' అని హిట్లర్ గొప్పలు చెప్పుకోవడం. ఆ లక్షలు జనమా, మార్కులా (జర్మనీ డబ్బు)?

మార్కులే అని ఎన్నో ఏళ్లు నమ్మాం. మన వామపక్ష సాహిత్యం చదివినవాళ్లకు బల్గేరియా కమ్యూనిస్టు నేత డిమిట్రోవ్ 1935లో చెప్పింది తెలిసిందే: ఫాసిజం అంటే ద్రవ్య పెట్టుబడిలోని అత్యంత అభివృద్ధి నిరోధక శక్తుల బాహాట నియంతృత్వం. యేల్ చరిత్రకారుడు హెన్రీ ఆష్బీ టర్నర్ ఈ నమ్మకం మీదే దెబ్బ కొట్టారు. 1985లో వచ్చిన 'జర్మన్ బిగ్ బిజినెస్ అండ్ ద రైజ్ ఆఫ్ హిట్లర్'లో ఆయన కంపెనీల దస్తావేజులు తిరగేసి తేల్చింది ఇదీ: 1933కి ముందు నాజీ పార్టీ బతికింది ఎక్కువగా సభ్యుల చందాల మీద, సభలకు అమ్మిన టికెట్ల మీద. ఉక్కు వ్యాపారి ఫ్రిట్జ్ థిస్సెన్ లాంటివాళ్లు ఉన్నారు కానీ కొద్దిమందే. బడా పారిశ్రామికవేత్తల్లో ఎక్కువమందికి నచ్చింది 1932లో ఛాన్సలర్‌గా (ప్రధాని లాంటి పదవి) ఉన్న సంప్రదాయవాది పాపెన్.

మరి గద్దె ఎలా దక్కింది? 1932 నవంబర్ ఎన్నికల్లో నాజీల సీట్లు 230 నుంచి 196కి పడిపోయాయి. పార్టీ అప్పుల్లో ఉంది. అలాంటి సమయంలో పాపెన్ పగ, ఆయన తర్వాత ఛాన్సలరైన జనరల్ ష్లైషర్ అతి తెలివి, ముసలి అధ్యక్షుడు హిండెన్‌బర్గ్ మెత్తబడటం కలిసి 1933 జనవరి 30న హిట్లర్‌ను ఛాన్సలర్‌ను చేశాయని 1996 నాటి మరో పుస్తకంలో టర్నర్ రోజువారీగా చూపించారు. చదువుతుంటే, ఫలితం తెలిసీ, టెన్షన్ తగ్గదు.

చందాల లెక్క వరకు టర్నర్ మాట నాకు నమ్మదగిందే. కానీ చందా ఇవ్వకపోతే చేతులు శుభ్రంగా ఉన్నట్టేనా? యూనియన్ల మీద, నిరుద్యోగ భృతి మీద, అసలు వైమర్ రిపబ్లిక్ (నాజీలకు ముందున్న జర్మన్ ప్రజాస్వామ్యం) మీదే ఆ పెద్దలకున్న అసహ్యం ఏ రసీదులోనూ కనిపించదు. ప్రజాస్వామ్యం కూలుతుంటే పట్టించుకోకపోవడం కూడా ఒక పెట్టుబడే.

పైగా డబ్బు రానే వచ్చింది, కాస్త ఆలస్యంగా. 1933 ఫిబ్రవరి 20న హిట్లర్ ముఖ్య అనుచరుడు గోరింగ్ అధికార నివాసంలో ఉక్కు, ఆయుధాల వ్యాపారి గుస్టావ్ క్రుప్ సహా సుమారు పాతికమంది పారిశ్రామికవేత్తలు కూర్చున్నారు. మార్చి 5 ఎన్నికల తర్వాత పదేళ్ల దాకా, బహుశా వందేళ్ల దాకా ఎన్నికలుండవని గోరింగ్ చెప్పాడు. ఎవరూ లేచి వెళ్లిపోలేదు. బ్యాంకర్ షాఖ్ట్ ఎన్నికల నిధికి 30 లక్షల మార్కులు అడిగాడు. రసాయనాల దిగ్గజం ఐజీ ఫార్బెన్ వాటా 4 లక్షలు.

అంతకుముందు నాజీ పత్రికలు ఇదే ఫార్బెన్‌ను యూదుల కంపెనీ అని తిట్టిపోశాయి. 1933 డిసెంబర్‌లో కంపెనీ తయారుచేసే సింథటిక్ పెట్రోలుకు ప్రభుత్వం ధర హామీ ఇచ్చింది. ఆ ఒప్పందం నుంచి ఆష్విట్జ్ నిర్బంధ శిబిరం పక్కన మోనోవిట్జ్‌లో ఖైదీలతో కట్టించిన రబ్బరు ఫ్యాక్టరీ దాకా కంపెనీ నడిచిన దారిని పీటర్ హేస్ 1987లో పుస్తకంగా రాశారు. ఒక్కో మెట్టు దగ్గరా వాళ్లకు అది మామూలు వ్యాపార నిర్ణయంలాగే కనిపించడం అందులో ఒళ్లు గగుర్పొడిచే విషయం.

1948లో న్యూరెంబర్గ్ యుద్ధ నేరాల విచారణలో 13 మంది ఫార్బెన్ అధికారులకు శిక్ష పడింది. ఏడేళ్ల శిక్ష పడిన ఫ్రిట్జ్ టెర్ మీర్ 1956లో, ఫార్బెన్‌ను విడగొట్టగా ఏర్పడిన బాయర్ కంపెనీ పర్యవేక్షక మండలికి ఛైర్మన్ అయ్యాడు.