ఏమీ లేని చోటికి ఏసీ టెంట్

మన దేశంలో పర్యాటక రంగం సాధించిన అతి గొప్ప విజయం ఏదని అడిగితే తాజ్‌మహల్ అనో, తిరుమల అనో చెప్పేవాళ్లుంటారు. పాపం, వాళ్లకు విషయం తెలియదు. ఆగ్రాలో తాజ్‌మహల్ ఉంది. తిరుమలలో దేవుడున్నాడు. ఉన్నదాన్ని చూపించి టికెట్టు కోయడంలో గొప్పేముంది? ఏమీ లేనిదాన్ని చూపించాలి. దానికి పర్మిట్ పెట్టాలి. పౌర్ణమికి రేటు పెంచాలి. అయినా జనం ఎగబడి ముందుగానే బుక్ చేసుకోవాలి. అదీ పరిపాలన అంటే. ఆ ఘనత గుజరాత్‌లోని కచ్ జిల్లాది. చోటు పేరు తెల్ల రణ్, అంటే తెల్లటి ఉప్పు ఎడారి.

కచ్ విస్తీర్ణంలో దేశంలోకెల్లా అతి పెద్ద జిల్లా. భుజ్ నుంచి ఉత్తరంగా ఎనభై కిలోమీటర్ల పైచిలుకు వెళ్తే ధోర్డో అనే ఊరు వస్తుంది. అది దాటాక మట్టి అయిపోయి ఉప్పు మొదలవుతుంది. వానాకాలంలో అరేబియా సముద్రం నుంచి గాలి తోసుకొచ్చే నీళ్లూ, నదులు తెచ్చే నీళ్లూ కలిసి ఈ పల్లమంతా పరుచుకుంటాయి. వానలు పోయాక ఎండకు ఆవిరైపోతాయి. ఉప్పు మిగులుతుంది. ఏటా ఇదే పని. టెండరు లేదు, శంకుస్థాపన లేదు, బిల్లు పెండింగ్ లేదు, అయినా పని గడువులోగా పూర్తవుతుంది. ప్రభుత్వ ప్రమేయం లేకుండా ఇంత పెద్ద పని జరిగిపోతుంటే ఏ అధికారికైనా మనసు చివుక్కుమంటుంది. ఇరవై ఏళ్ల కిందట రణ్ ఉత్సవ్ పెట్టి ఆ లోటు తీర్చారు. ఇప్పుడు చలికాలం వచ్చిందంటే ధోర్డో దగ్గర గుడారాల నగరమే లేస్తుంది. అందులో ఏసీ టెంట్లు, బఫే, జానపద నృత్యాలు, స్పా. 2023 ఫిబ్రవరిలో జీ20 దేశాల పర్యాటక ప్రతినిధులను కూడా అక్కడికే తీసుకెళ్లి కూర్చోబెట్టారు. అదే ఏడాది ఐక్యరాజ్యసమితి పర్యాటక సంస్థ ధోర్డోను ఉత్తమ పర్యాటక గ్రామాల జాబితాలో చేర్చింది. శూన్యానికి ఇంతకన్నా పెద్ద గుర్తింపు ఎక్కడా దొరకలేదు.

శూన్యమే కదా అని తేలిగ్గా తీసుకోకండి. ఈ ఉప్పు నేల కోసమే 1965లో రెండు దేశాలు తుపాకులు పట్టుకున్నాయి. తర్వాత ముగ్గురు సభ్యుల ట్రిబ్యునల్ జెనీవాలో కూర్చుని, పాత మ్యాపులన్నీ తిరగేసి, 1968లో తీర్పు చెప్పింది. తగాదాలో ఉన్న నేలలో దాదాపు తొంభై శాతం మనకు, పది శాతం పాకిస్తాన్‌కు. మన ఊళ్లో గట్టు తగాదాలు మూడు తరాలు నడుస్తాయి. అక్కడ గట్టే లేకపోయినా మూడేళ్లలో తేల్చేశారు, మెచ్చుకోవాలి.

ఇక టూరు సంగతి. దీని ప్రత్యేకత క్లుప్తత. సికింద్రాబాద్‌లో రైలెక్కి అహ్మదాబాద్, అక్కడి నుంచి రాత్రంతా ప్రయాణించి భుజ్, భుజ్ నుంచి మళ్లీ బస్సు. ఇంత దూరం వెళ్లి ఉప్పు మీద నిలబడేది మహా అయితే గంట. దర్శనం ఎంత తొందరగా అయితే అంత పుణ్యమనే సంస్కృతి మనది కాబట్టి ఇబ్బంది లేదు. దారిలో భిరండియారా చెక్‌పోస్టు వస్తుంది. సరిహద్దు ప్రాంతం కాబట్టి పర్మిట్ తీసుకోవాలి. మనిషి పేరు, గుర్తింపు కార్డు, బండి నంబరు అన్నీ రాయించాలి. ఆన్‌లైన్‌లోనూ తీసుకోవచ్చు, కానీ ఆన్‌లైన్‌లో తీసుకున్నవాళ్లు కూడా బస్సు దిగుతారు. ఎందుకంటే అక్కడ గేదె పాలతో చేసే మావా చాలా ప్రసిద్ధి. రణ్ టూరు నుంచి తిరిగొచ్చిన మనవాళ్లను ఏం బావుందని అడిగి చూడండి. సగం మంది మావా అంటారు.

భిరండియారా దాటాక బన్నీ అనే గడ్డిభూమి వస్తుంది. ఆసియాలోనే గొప్ప గడ్డిభూముల్లో ఒకటిగా దానికి పేరుండేది. 1960ల్లో, రణ్ ఉప్పు ముందుకు పాకకుండా ఆపుదామని అటవీ శాఖ అక్కడ సర్కారు తుమ్మ నాటించింది. అవును, మన చెరువుగట్ల మీదా రైలు కట్టల పక్కనా ఉండేదే. ఉప్పు ఆగిందో లేదో గాని గడ్డి మాత్రం ఆగిపోయింది. దాన్ని నమ్ముకున్న పశువుల కాపర్లు ఇప్పటికీ తుమ్మతోనే పోరాడుతున్నారు. ఇదంతా కిటికీలోంచి కనిపిస్తుంది. మావా తిన్న బస్సు నిద్రపోతూ ఉంటుంది. నిద్ర లేపి చూపించాలన్న దురుద్దేశం ఏ గైడుకూ ఉండదు.

గేటు దగ్గర బళ్లు ఆపేస్తారు. అక్కడి నుంచి నడవాలి, లేదంటే ఒంటె బండి ఎక్కాలి. ఈ ఘట్టంలో తెలుగు బృందాల మధ్య నడిచే సంభాషణ దాదాపు ఒకే రకంగా ఉంటుంది.

"ఏమండీ, ఇంకా ఎంత దూరమట?"

"వచ్చేశామటే."

"ఎక్కడికి?"

"ఇక్కడికే."

ఆవిడ చుట్టూ చూస్తుంది. ముందు తెలుపు, కుడివైపు తెలుపు, ఎడమవైపు తెలుపు. వెనక మాత్రం ఇడ్లీ నుంచి పిజ్జా దాకా దొరికే స్టాళ్లు. ఆవిడ చూపు సహజంగానే వెనక్కి తిరుగుతుంది.

ఇంతలో బృందంలో ఒక బావగారు వంగి, నేల మీంచి ఒక పలుకు గిల్లి, నాలిక మీద వేసుకుంటారు. అందరూ ఊపిరి బిగబట్టి ఆయన మొహంలోకి చూస్తారు. "ఉప్పే," అని ఆయన ప్రకటిస్తారు. "నిజంగానా అన్నయ్యా?" అంటూ మరో నలుగురు వంగుతారు. శాస్త్రీయ దృక్పథం లేదని మన జాతిని నిందించేవాళ్లు ఒక్కసారి ఆ దృశ్యం చూడాలి. ఒకరు తేల్చినదాన్ని ఇంకొకరు స్వయంగా పరీక్షిస్తే తప్ప ఒప్పుకోరు. ముప్పై మంది బస్సులో ముప్పై ప్రయోగాలు, ఒకటే ఫలితం. పత్రికల్లో అచ్చయ్యే పరిశోధనలకు కూడా ఈ అదృష్టం ఉండదు.

గైడు చెప్పే సమాచారం కూడా క్లుప్తమే. చెయ్యి ఉత్తరం వైపు చాచి "సామ్‌నే పాకిస్తాన్ హై" అంటాడు. అందరూ అటు ఫోన్లు ఎత్తుతారు. తర్వాత ఇంటికొచ్చి ఆ ఫొటో చూపిస్తే పక్కింటివాళ్లు "ఏదీ పాకిస్తాన్?" అని జూమ్ చేస్తారు. ఆ తెల్లటిదే అని చెప్పాలి. ఇక అద్దాల పనితనం ఉన్న ఎర్ర ఘాగ్రా అద్దెకు దొరుకుతుంది. అది వేసుకుని ఎగిరే ఫొటో ఒకటి, సూర్యుణ్ని రెండు వేళ్ల మధ్య పట్టుకునే ఫొటో ఒకటి, భర్తను అరచేతిలో నిలబెట్టుకునే ఫొటో ఒకటి. మూడోది ఎడారికి వెళ్లకుండా కూడా సాధ్యమేనని కొందరంటారు గాని, నేలకూ ఆకాశానికీ మధ్య గీత లేనిచోట అది ఇంకా బాగా కుదురుతుంది. వందల మంది ఒకేసారి ఎవరూ లేని చోటు అని ఫొటో తీసుకోవాలంటే ఎంతో క్రమశిక్షణ కావాలి. ఒకరి ఏకాంతం అయ్యేదాకా ఇంకొకరు పక్కన క్యూలో ఆగుతారు. ఇదంతా పోలీసు లాఠీ లేకుండానే జరుగుతుంది.

సూర్యుడు దిగగానే బృంద నాయకుడు ఈల వేస్తాడు. బఫే ఎనిమిదింటికి. కొంతమంది ఆ తొందరలోనూ ప్లాస్టిక్ కవరు తీసి ఇంత ఉప్పు మూటగట్టుకుంటారు. ఒక పెద్దాయన దాన్ని దండియాత్రతో ముడిపెట్టి కాసేపు మాట్లాడతారు. దండి కూడా గుజరాత్‌లోనే ఉంది కాబట్టి ఎవరూ కాదనలేరు.

మరుసటి రోజు కాలో డుంగర్. కచ్‌లో అన్నిటికన్నా ఎత్తైన కొండ, 462 మీటర్లు. పైన దత్తాత్రేయుడి గుడి. పూజారి పిలిస్తే నక్కలు వచ్చి ప్రసాదం తిని వెళ్తాయని ఆ గుడికి పేరు. ధోలావీరా మాత్రం చాలా ప్యాకేజీల్లో 'ఆప్షనల్' అనే మాట వెనక ఉంటుంది. అది రణ్ మధ్యలో ఒక దిబ్బ మీద ఉన్న హరప్పా కాలపు నగరం, 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ హోదా వచ్చింది. నాలుగైదు వేల ఏళ్ల కిందట, తాగునీరు దొరకని ఉప్పు నేల మధ్య, వాననీటిని పెద్ద పెద్ద జలాశయాల్లో పట్టి నిలబెట్టుకున్న ఊరు అది. హైదరాబాద్‌లో ఫిబ్రవరి నుంచే ట్యాంకరు బుక్ చేసుకునే మనం అక్కడ నిలబడితే కొంచెం ఇబ్బందిగా ఉంటుంది. ఆ ఇబ్బంది ఎందుకని ఆప్షనల్ చేశారు. సెలవు పెట్టుకుని వెళ్లి ఇబ్బంది పడేవాళ్లు ఎవరుంటారు?

ఈ టూరులోని అసలు గొప్పతనం చెప్పడం ఇంకా మిగిలే ఉంది. రణ్ ఒకటి కాదు, రెండు. మనం చూసేది పెద్ద రణ్. దానికి ఆగ్నేయంగా చిన్న రణ్ ఉంది. మన దేశపు ఉప్పులో దాదాపు మూడొంతులు గుజరాత్‌లోనే తయారవుతుంది. అందులో మంచి భాగం ఆ చిన్న రణ్‌లో అగరియాలనే ఉప్పు రైతులు పండిస్తారు. వానలు పోయాక కుటుంబాలు పిల్లలతో సహా వెళ్లి ఎడారి నడిమధ్య గుడిసెలు వేసుకుంటాయి. నేల కింద ఉన్న చిక్కటి ఉప్పునీటిని పంపుతో పైకి తోడి మళ్లలో నింపుతారు. ఒకప్పుడు డీజిల్ పంపులు, ఇప్పుడు చాలాచోట్ల సోలార్ పంపులు వచ్చాయి. మడి అడుగు గట్టిపడేదాకా కాళ్లతో తొక్కుతారు. ఉప్పు పలుకు కట్టే కొద్దీ బరువైన దంతెతో లాగుతూనే ఉంటారు. ఇలా ఎండాకాలం అయ్యేదాకా. తాగే నీళ్లు ట్యాంకరులో రావాలి. ఇంత చేస్తే వ్యాపారి వాళ్లకిచ్చేది కిలోకి రూపాయి లోపు. అదే కిలో ప్యాకెట్టులోకి ఎక్కి మన వంటింటికి వచ్చేసరికి ఇరవై ఎనిమిదో ముప్పయ్యో అవుతుంది. ఏళ్ల తరబడి ఉప్పునీళ్లలో నానిన అగరియా కాళ్లు చితి మీద కూడా సరిగా కాలవని అక్కడివాళ్లు చెప్పుకుంటారు.

ఇలాంటి మాటలు గైడు నోట వస్తే రాత్రి బఫేలో ఉంధియు అనే గుజరాతీ కూర ఎవరికి సహిస్తుంది? అందుకే మన బస్సు దారిలో ఈ మనుషులు తగలరు. ఉప్పు చూడ్డానికి వేలు పోసేవాడూ, ఉప్పు పండించి పైసలు తీసుకునేవాడూ ఎదురుపడకుండా చూసుకోవడం అనుకున్నంత సులువు కాదు. ఒకే జిల్లా పేరు పెట్టుకున్న రెండు ఎడారులను ప్రకృతి వేరువేరు దిక్కుల్లో పెట్టి ఇందులో తన వంతు సహకారం అందించింది.

చిన్న రణ్‌కూ సఫారీలున్నాయనుకోండి. అక్కడ చూడాల్సింది అడవి గాడిద. ఘుడ్‌ఖర్ అంటారు. సుమారు 5,000 చదరపు కిలోమీటర్లు దానికి అభయారణ్యం. 2024లో లెక్కపెడితే 7,672 తేలాయి. ఒకప్పుడు అంతరించిపోతుందేమో అనుకున్న జంతువు ఇలా పెరగడం నిజంగా సంతోషించాల్సిన విషయమే, ఇందులో నా వ్యంగ్యం ఏమీ లేదు. అదే నేల మీద తరతరాలుగా ఉప్పు పండిస్తున్న అగరియాల సంగతికొస్తే, ఆ నేలను సర్వే చేయలేదు కాబట్టి దానికి 'సర్వే నంబరు సున్నా' అని పేరు. పట్టా లేదు. అభయారణ్యం వచ్చాక హక్కులు తేల్చే పని మొదలై దశాబ్దాలుగా నలుగుతోంది. గాడిదలను ఒక్కటి తగ్గకుండా లెక్కించగలిగిన యంత్రాంగానికి మనుషుల దగ్గరికొచ్చేసరికి సున్నాతో సరిపెట్టుకోక తప్పలేదు. గాడిదలు అర్జీలు పెట్టవు, సర్వేకు అదొక సౌకర్యం.

ఇంత చక్కటి నమూనాను మనం వాడుకోకపోవడం నాకు బాధగా ఉంది. మనకేం తక్కువ? శ్రీకాకుళం జిల్లాలో నౌపడ ఉంది, బాపట్ల జిల్లాలో చినగంజాం ఉంది, నెల్లూరు వైపు ఇసకపల్లి ఉంది. ఎండాకాలంలో ఉప్పు కొఠార్ల దగ్గర తెల్లటి కుప్పలు కళ్లు చెదిరేలా ఉంటాయి. పైగా చరిత్ర కూడా ఉంది. 1930లో ఉప్పు చట్టాన్ని ధిక్కరించి ఇదే కోస్తాలో మనవాళ్లు లాఠీలు తిన్నారు. ఒక గేటు, ఒక వాచ్‌టవర్, ఒక సెల్ఫీ పాయింటు పెడితే చాలు. ఒంటెలు దొరక్కపోతే ఎడ్లబండి. పౌర్ణమికి డబుల్ రేటు. సరిహద్దు లేదు కాబట్టి పర్మిట్ ఎందుకని అడిగేవాళ్లుంటారు. పర్మిట్ లేకపోతే జనానికి నమ్మకం కలగదు.

ఒక్కటే చిక్కు. మన ఉప్పు మళ్లలో తెలుపు ఒక్కటే ఉండదు. పక్కన పలక పట్టుకుని గీకే మనిషి ఉంటాడు, తట్ట నెత్తిన పెట్టుకుని గట్టు మీద నడిచే మనిషి ఉంటుంది. ఎటు తిప్పినా ఫొటోలో పడతారు. కాబట్టి పర్యాటక శాఖ ఒక కొత్త పోస్టు సృష్టించాలని సవినయంగా కోరుతున్నాను. అర్హత ఇంటర్మీడియట్, హిందీ మాట్లాడటం వస్తే మంచిది. విధులు: టూరిస్టు ఫోన్ ఎత్తగానే మడిలో ఉన్నవాళ్లను "అమ్మా, కొంచెం పక్కకు జరగండి" అని మర్యాదగా చెప్పడం, ఫొటో అయ్యాక "ఆఁ, ఇక కానివ్వండి" అనడం. జీతం ఎంతో ప్రభుత్వం నిర్ణయించుకోవచ్చు. ఎంత తక్కువ పెట్టినా, పక్కకు జరిగిన ఆవిడ కూలి కన్నా ఎక్కువే వస్తుంది.