ఎన్ని వరుసలో అన్ని మొక్కల లెక్కగారికి

అయ్యా,

మా ఇంట్లో మీకు ఇద్దరు బాకీదార్లు. చిన్నది నాలుగో తరగతి, పెద్దాడు ఎనిమిది.

చిన్నదాన్ని నిద్రలో లేపి ‘ఎనిమిదెనిమిదులు’ అన్నా, కళ్లు తెరవకుండానే ‘అరవై నాలుగు’ అంటుంది. మొన్న రాత్రి మీరొచ్చారు: ‘తోటమాలి 64 మొక్కలు నాటాడు. ఎన్ని వరుసలో, ఒక్కో వరుసలో అన్ని మొక్కలు. వరుసలెన్ని?’ పిల్ల పెన్సిల్ కొరికి కొరికి 32 వేసింది. అదేంటే అంటే, ‘వరుసలు సగం, మొక్కలు సగం’ అంది. పంపకం న్యాయంగానే ఉంది మరి!

పెద్దాడి పుస్తకంలో మీ దర్జాయే వేరు. 2401 రూపాయల చందాట, పిల్లలెంతమందో తలా అన్ని రూపాయలట. అంటే 49 మంది, తలా 49. ఒక్కడంటే ఒక్కడు యాభై కాగితం ఇచ్చి చిల్లర ఉంచుకోండి అనలేదా? డ్రిల్లుకి 500 మందిని పిలిచి, 22 వరుసల్లో 22 మంది చొప్పున నిలబెట్టి, మిగిలిన 16 మందిని పక్కకి తోసేశారు. వాళ్లు నాలుగు నాలుగులుగా నిలబడి వేరే చదరం కట్టుకోరూ?

మా నాన్నదీ మామిడి తోటే. పది మీటర్ల ఎడంతో చదరంగా నాటితే హెక్టారుకి వంద మొక్కలు, నిజమే. కానీ అన్నదమ్ముల పంపకాల్లో ఆయన చేను ఒక మూల బావికి, ఇంకో మూల బోదెకి పోయింది. వరుసకో లెక్క.

చిన్నదానికి చివరికి మీ గుట్టు చెప్పింది మా అత్తగారు. కల్లాపి చల్లి, ఎనిమిది చుక్కలు పెట్టి, ‘ఇలాగే ఎనిమిది వరుసలు కానియ్యవే’ అన్నారు. ఆఖరి చుక్క దగ్గర పిల్ల పిండి చేత్తోనే నుదురు కొట్టుకుంది. ‘నాన్నమ్మా, ఇవి అరవై నాలుగు!’

అప్పుడే మురిసిపోకండి. ఆవిడ సంక్రాంతి ముగ్గు 15 చుక్కలు, సందు చుక్క, 8 వరకు. లెక్కేశాను, మొత్తం 169. పదమూడు పదమూళ్లు! తీరా చూస్తే వరుసలు పదిహేను. ఎన్ని వరుసలో అన్ని చుక్కలున్నది నడిమి వరుస ఒక్కటే. దీని సంగతేంటో కాస్త జవాబుల పేజీలో వేయించగలరు.

ఇట్లు,
32కి టిక్కు పెట్టబోయిన ఓ తల్లి