ఆలస్యంగా విచ్చేసిన సంజాయిషీ నోటీసు గారికి

చిత్తూరు బెల్లం వ్యాపారి నమస్కరించి వ్రాయునది ఏమనగా,

మీ తమ్ముడు రద్దు ఉత్తర్వు 14వ తేదీన మా మండీకి వచ్చాడు. మీరు 16న వచ్చారు. మీ మీద వేసిన తేదీ మాత్రం 3. మా గుమ్మంలో నిలబడితే కనిపించే కార్యాలయం నుంచి ఇక్కడికి రావడానికి పదమూడు రోజులు! దారిలో ఎక్కడ బస చేశారో అడగను, పెద్దవారు.

“లైసెన్సును ఎందుకు రద్దు చేయరాదో ఏడు రోజుల్లో తెలుపవలెను” అన్నారు. తెలిపేవాణ్ణే. ఒకసారి రద్దయినదాన్ని మళ్లీ రద్దు చేయడం శ్రమ గనుక చేయరాదు. కానీ “గడువులోగా సంజాయిషీ అందనందున” అని మీ తమ్ముడు అప్పటికే తేల్చేశాడు.

నేరమేమిటంటే, నా బెల్లం నల్లగా ఉందట, కాబట్టి నాటుసారా బట్టీలకు పోతోందట. అయ్యా, చెరకు రసం కాగేటప్పుడు హైడ్రోసు అనే రంగు విరిచే మందు చల్లితే బెల్లం పెళ్లికూతురిలా పచ్చగా మెరుస్తుంది. చల్లకపోతే నాలాగే చామనఛాయగా ఉంటుంది. మందు పడ్డది మర్యాదస్తురాలు, పడనిది సారా కేసు! కాణిపాకం వెళ్లి ప్రమాణం చేస్తానన్నాను. “ఫైలులో దానికి గడి లేదండీ” అన్నాడు గుమాస్తా.

ఇక రాత్రంతా బస్సులో కూర్చుని అమరావతి హైకోర్టుకు వెళ్లాను. రాజ్యాంగం 226వ అధికరణం కింద, ఆ రద్దు ఉత్తర్వు కొట్టేయమని రిట్ పిటిషను వేశాము. వ్యాపారం చేసుకోవడం అదే రాజ్యాంగం 19(1)(జి) కింద నా హక్కని వకీలు చెబితేనే తెలిసింది. ఇన్నేళ్లూ అది ఆ గుమాస్తా దయ అనుకున్నాను. పై అధికారికి అప్పీలు ఉండగా ఇక్కడికెందుకు వచ్చారని ప్రభుత్వ వకీలు. నా మాట వినకుండానే వేటు వేస్తే నేరుగా రావచ్చని, బట్టలుతికే యంత్రాల ట్రేడ్‌మార్కు గొడవలో 1998లోనే సుప్రీంకోర్టు చెప్పిందని మా వకీలు. బెల్లానికి ఆ యంత్రం సాయం చేస్తుందని కలలో కూడా అనుకోలేదు.

“పిటిషనరుకు తగినంత అవకాశం ఇచ్చాము” అని ప్రభుత్వం వారు తమ జవాబులో, అదే కౌంటరులో, రాశారు. అప్పుడు మా వకీలు మీ కవరు బయటికి తీశారు. తపాలా ముద్ర 13. రద్దు ఉత్తర్వు మీద తేదీ 11. న్యాయమూర్తి కవరును కాస్త వెలుతురు వైపు తిప్పి చూసి, ఏమీ అనకుండా ప్రభుత్వ వకీలు వైపు చాచారు. ఆయన తన ఫైలులోకి తల దూర్చారు. మీ లోపలి కాగితం కంటే మీ పైచొక్కా నిజాయితీపరురాలు, ఏమీ అనుకోకండి.

ఉత్తర్వు కొట్టేశారు. మళ్లీ నోటీసు ఇచ్చి, నా మాట విని, తాజాగా నిర్ణయించమన్నారు. అంటే ఇంత ఖర్చు పెట్టుకుని నేను గెలుచుకున్నది మిమ్మల్నే!

రండి. ఈసారి తమ్ముడి కంటే ముందు రండి. గుమ్మంలో కుర్చీ వేసుకున్నాను. లోపల ఏం రాసి ఉన్నా సరే, ముందు కవరు చూపించమని పోస్టుమాన్‌కు చెప్పి ఉంచాను.

ఇట్లు,
చామనఛాయ బెల్లం వ్యాపారి