ఎకరాల్లో దున్ని హెక్టార్లలో రాసుకునే ఊళ్లు

కాళేశ్వరం దగ్గర గోదావరి వంతెన దాటితే సిరొంచ. బండి మీద పది నిమిషాల పని. వంతెన దిగగానే బోర్డులు మరాఠీలోకి మారతాయి, మాట మాత్రం మారదు. చాయ్ బండి దగ్గర బేరమూ తెలుగే, బస్టాండ్‌లో కొట్లాటా తెలుగే. మా మేనత్తను ఇచ్చింది సిరొంచ దాటాక ఒడ్డు వెంబడి ఉన్న ఒక చిన్న ఊరికి. నూరు గడపలకు కొంచెం ఎక్కువ ఉంటాయేమో. కాపులు, గొల్లలు, నేతకానివాళ్లు, నాయకపోళ్లు, ఏటి మీద బతికే బెస్తవాళ్లు. ఒడ్డు పక్క ఒండ్రు నేలల్లో పత్తి, మిర్చి. చెరువు కింద వరి. అడవి వైపు నాలుగు మైళ్లు పోతే గోండు, మాడియా గూడేలు.

ఈ ఊళ్ల గురించి తెలుగులో వచ్చే కథనాలన్నీ దాదాపు ఒకేలా ఉంటాయి. మహారాష్ట్రలో ఉన్నా బతుకమ్మ ఆడతారట, ఇంట్లో తెలుగు ఛానళ్లే పెడతారట అని మురిసిపోయి నాలుగు ఫోటోలు తీసుకుని వచ్చేస్తాం. అక్కడ భాషకేం ఢోకా లేదు, దానికి మన జాలి అక్కర్లేదు. చిక్కంతా సేద్యంలో ఉంది. ఆ రైతు సరుకు, కూలీలు, చుట్టాలు, చివరికి ఏటి మీద జరిగే నిర్ణయాలు కూడా ఈ ఒడ్డుతో ముడిపడి ఉంటాయి. హక్కులూ కాగితాలూ ఆ ఒడ్డువి.

ఇది ఇవాళ్టి ముడి కాదు. 1860లో నిజాంతో చేసుకున్న ఒప్పందం కింద గోదావరి ఎడమ ఒడ్డు భూములను ఇంగ్లిషువాళ్లు తీసుకున్నారు. ఏట్లో పడవల రాకపోకలకు ఒడ్డు తమ చేతిలో ఉండాలని వాళ్ల లెక్క. బదులుగా రాయచూరు వంటి ప్రాంతాలు నిజాంకు తిరిగిచ్చారు. సిరొంచ కేంద్రంగా ఎగువ గోదావరి జిల్లా పెట్టారు. ఆనాటి దొర గ్లాస్‌ఫర్డ్ పేరు పక్కనున్న గ్లాస్‌ఫర్డ్‌పేటలో ఇప్పటికీ బతికే ఉంది. పడవల పథకం 1870ల మొదట్లోనే మూలపడింది, 1874లో జిల్లానూ ఎత్తేశారు. భద్రాచలం అప్పుడే మద్రాసు రాష్ట్రానికి పోయింది, చర్ల, నూగూరు ఆ తర్వాత పోయాయి. సిరొంచ చాందా జిల్లాలో ఉండిపోయింది. ఊరు అంగుళం కదలకుండానే మధ్య పరగణాలు, మధ్యప్రదేశ్, బొంబాయి రాష్ట్రం, మహారాష్ట్ర అన్నీ చూసింది. 1982లో గడ్చిరోలి జిల్లా అయింది. ఆ జిల్లా కేంద్రానికి పోవాలంటే ఆలాపల్లి అడవుల గుండా 200 కిలోమీటర్లకు పైనే.

మిర్చి కల్లం దగ్గరికి వద్దాం. ఫిబ్రవరిలో పోతే మా బావ కల్లంలో ఎర్రగా పరుచుకుని ఉంటుంది, ఘాటుకు రెండు నిమిషాల్లో తుమ్ములు మొదలవుతాయి. ఆడవాళ్లు వరసగా కూర్చుని తాలు ఏరుతుంటారు. నాలుగు చినుకులు పడినా కాయ మీద తెల్ల మచ్చ వస్తుంది, తాలు కుప్ప పెరుగుతుంది, ఆ కుప్ప ధర సగానికి పడిపోతుంది. ఆ రోజుల్లో బావ ఫోన్ చెవి దగ్గర్నుంచి దిగదు. నాగపూర్‌లో ఎంత, వరంగల్ ఎనుమాముల మార్కెట్‌లో జెండా పాట, అంటే ఆ రోజు వేలంలో పలికిన పై ధర ఎంత, ఇదే టెన్షన్. ఎక్కువసార్లు వరంగలే గెలుస్తుంది. ధర బాగుండి కాదు. రాత్రి లోడ్ ఎత్తితే తెల్లారేసరికి అడ్తి కొట్టు ముందుంటుంది, అడ్తిదారుతో తెలుగులో గొడవ పడొచ్చు, పెట్టుబడికి అప్పిచ్చిందీ ఆయనే. "జెండా పాట పేపర్లకు, మనకు దొరికేది జెండా కింది నీడ" అంటాడు బావ.

మిర్చిని ఎక్కడికైనా తోలొచ్చు. వడ్లు అలా కాదు. సీజన్ రాగానే పక్క రాష్ట్రాల ధాన్యం రాకుండా తెలంగాణ సరిహద్దుల్లో చెక్‌పోస్టులు పెడుతుంది. సన్నవడ్లకు క్వింటాలుకు 500 బోనస్ ఇస్తున్నప్పుడు అది అర్థం చేసుకోదగ్గదే. అటువైపు కొనుగోలు కేంద్రంలో అమ్మాలంటే సాత్‌బారా చూపించాలి. ఏడో నంబరు ఫారం భూమి ఎవరిదో చెబుతుంది, పన్నెండోది అందులో ఏం పంట ఉందో చెబుతుంది. రెండూ ఒకే కాగితం మీద, దేవనాగరి లిపిలో. ఊళ్లో అందరూ ఎకరాలు, గుంటలే మాట్లాడతారు. ఆ కాగితం మీద హెక్టార్లు, ఆర్‌లు. ఒక ఆర్ అంటే దాదాపు ఒక గుంటే కాబట్టి చిన్న కమతాల దగ్గర బండి నడుస్తుంది. హెక్టారు దగ్గరికి వచ్చేసరికి తికమక. నష్టపరిహారం హెక్టారుకు ఇంత అని ప్రకటిస్తారు, మా బావలాంటివాళ్లు దాన్ని రెండున్నరతో భాగించుకుని ఉసూరుమంటారు.

పోలిక కూడా పక్కనే ఉంటుంది, చుట్టాల ఇంట్లో. తెలంగాణలో 2018 జనవరి నుంచి సేద్యానికి 24 గంటల ఉచిత కరెంటు, అదే ఏడు రైతుబంధు కింద పంటకు ఎకరానికి 4 వేలు. మహారాష్ట్రలో 7.5 హెచ్‌పీ దాకా మోటార్లకు ఉచిత కరెంటు 2024లో గానీ రాలేదు. ఒకే పంట, ఒకే ఏరు, ఒకే ఇంటిపేరు. సంబంధాలు చూసేటప్పుడు భూమి ఏ ఒడ్డున అని అడిగేవాళ్లను నేనే విన్నాను.

అసలు దెబ్బ ఏటి నుంచే. 2016 ఆగస్టు 23న ముంబైలో రెండు రాష్ట్రాలూ ఏటి మీద కట్టే బ్యారేజీల గురించి ఒప్పందం రాసుకున్నాయి. ఎగువన ప్రాణహిత మీద తుమ్మిడిహెట్టి దగ్గర 152 మీటర్ల ఎత్తుకు తమ భూములు మునుగుతాయని మహారాష్ట్ర ససేమిరా అంది, 148కి తెగింది. మేడిగడ్డకు 100 మీటర్లు. మీటర్ల మీద బేరం గట్టిగానే జరిగింది. ఆ మీటర్ల వెనక నిలిచే నీళ్లలో ఎవరి చెలక పోతుందో, ఎంతిస్తారో, ఎప్పుడిస్తారో అన్నది మాత్రం వెనకబడింది. బ్యారేజీ ఒక కొస మేడిగడ్డలో ఉంటే రెండో కొస సిరొంచ తాలూకా పోచంపల్లిలో. 85 గేట్లు, 16.17 టీఎంసీలు. 2019 జూన్ 21న ప్రారంభోత్సవం, మహారాష్ట్ర ముఖ్యమంత్రి కూడా వచ్చారు. భూములు పోయినవాళ్లలో కొందరికి నేరుగా కొని డబ్బిచ్చారు, మిగతావాళ్లకు ఏళ్లూ పూళ్లూ పట్టింది. 2022 చివర్లో కూడా సిరొంచలో రైతులు ధర్నాలో కూర్చునే ఉన్నారు.

అదే ఏడాది జులైలో మేడిగడ్డ దగ్గర వరద 28 లక్షల క్యూసెక్కులు దాటింది. కన్నెపల్లి పంపుహౌస్ మునగడం మనకు వారం రోజుల వార్త. అవతలి ఒడ్డున పత్తి మొత్తం కుళ్లిపోయి, చెలకల్లో మోకాలెత్తు ఇసుక మేట వేసిన సంగతి మన టీవీల్లో ఎవరు చూశారు? 2023 అక్టోబరు 21న బ్యారేజీ ఏడో బ్లాకు కుంగింది, నీళ్లు వదిలేశారు. అప్పటి నుంచి పిల్లర్లు, కాంట్రాక్టులు, కమిషన్లు, కేసులు. ఆ చర్చ జరగాల్సిందే. కానీ తెలుగులో జరిగే చర్చంతా కుడి ఒడ్డు నుంచే జరుగుతోంది, ఎడమ ఒడ్డు వాళ్లూ తెలుగువాళ్లే అయినా.

ఇప్పుడు తుమ్మిడిహెట్టి మాట మళ్లీ వస్తోంది, మేడిగడ్డ మరమ్మతుల మాట కూడా. ఈసారి ఒప్పందం రాసుకుంటే ఎత్తుతో పాటు రెండు సంగతులు అందులోనే ఉండాలని నా వాదన. నీళ్లు నిలపడానికి ముందే డబ్బు పడాలి. వరద నష్టం రాయడానికి రెండు రాష్ట్రాల సిబ్బంది కలిసి ఒడ్డు మీదికి రావాలి. బ్యారేజీ తెలంగాణది, పంచనామా మహారాష్ట్రది అయినంతకాలం రైతు ఎవరిని అడిగినా వేలు అవతలి ఒడ్డు వైపే చూపిస్తారు. ఆ ఊళ్లను తెలంగాణలో కలపాలనే మాట అప్పుడప్పుడు వినిపిస్తుంటుంది. దాని మీద ఊళ్లో నాకు పెద్ద ఆసక్తి కనిపించలేదు. పిల్లలు మరాఠీ బడుల్లో చదువుకున్నారు, కొందరికి అటే ఉద్యోగాలు. ఇన్నేళ్ల కాగితాలను మళ్లీ మొదట్నుంచి పుట్టించుకునే ఓపిక ఎవరికుంది?

మొన్న సంక్రాంతికి పోయినప్పుడు బావ కొడుకు, పదో తరగతి, ఇసుక పడ్డ చెలక సాత్‌బారా పట్టుకుని వాకిట్లో కూర్చున్నాడు. ఇంట్లో ఆ కాగితం గడగడా చదవగలిగేది వాడొక్కడే. ఒక్కో గడీ చదివి తెలుగులో చెబుతున్నాడు. సాగుకు పనికిరాని జాగా రాసే గడి దగ్గరికి వచ్చి "పోట్ ఖరాబ్" అని చదివాడు. మూలన చిక్కుడుకాయలు తుంచుతున్న మా అత్త తలెత్తింది.

"ఎవరికిరా పొట్ట ఖరాబైంది?"

"మన చెలకకే నానమ్మా" అన్నాడు వాడు, కాగితంలోంచి తల తిప్పకుండానే.