డ్రాగ్నెట్: కేసు ఫైలు పోలీసులదే, కథా వాళ్లదే

తేదీ, వేళ చెప్పి కథ మొదలుపెట్టడం, ఇద్దరు డిటెక్టివులు ఇల్లిల్లూ తిరిగి వాకబు చేయడం, చివర్లో కోర్టు ఏం తేల్చిందో చదివి వినిపించడం... టీవీ పోలీసు కథల్లో ఇవాళ మామూలైపోయిన ఈ పద్ధతి చాలావరకు ‘డ్రాగ్నెట్’ అనే అమెరికన్ పోలీసు సీరియల్ పెట్టిన భిక్షే. 1948లో ఓ సినిమాలో వేషం వేస్తుండగా నటుడు జాక్ వెబ్‌కు లాస్ ఏంజెలెస్ పోలీసు సార్జెంట్ మార్టీ విన్‌తో పరిచయమైంది. విన్ ఆ సినిమాకు సాంకేతిక సలహాదారు. అసలు కేసుల మీద కార్యక్రమం చేయాలన్న ఆలోచన అక్కడ పుట్టింది. 1949లో ఎన్‌బీసీ రేడియోలో, 1951 డిసెంబరు 16న టీవీలో మొదలైంది. టీవీలో 1959 దాకా నడిచింది. నిర్మాత, దర్శకుడు, బ్యాడ్జి నంబరు 714 ఉన్న కథానాయకుడు సార్జెంట్ జో ఫ్రైడే, అన్నీ వెబ్బే.

అరగంట కథ అచ్చం రిపోర్టులా సాగుతుంది. ముందు ఫ్రైడే గొంతు: ఇవాళ ఏ వారం, వాతావరణం ఎలా ఉంది, ఏ విభాగంలో ఏ షిఫ్టు, జోడీ ఎవరు, పై అధికారి ఎవరు. ఆ తర్వాత ఫోన్లు, వాకబు, తప్పుడు ఆధారాలు, మళ్లీ వాకబు. తుపాకీ పేలడం అరుదు. రేడియో రోజుల్లో హెడ్‌క్వార్టర్స్‌లో ఒక గది నుంచి ఇంకో గదికి ఎన్ని అడుగులు పడతాయో అన్ని అడుగుల చప్పుడే వినిపించేవారు. టీవీలో నటులు డైలాగులు బట్టీ పట్టడం వెబ్‌కు నచ్చేది కాదు. టెలిప్రాంప్టర్ చూసి చదవమనేవాడు. నటన ఒలకబోయడానికి వీలుండదు, గొంతు పొడిగా, చదునుగా వస్తుంది. దానికి తోడు ఒకరి తర్వాత ఒకరి ముఖం క్లోజప్‌లో. షూటింగు చకచకా అయిపోయేది, ఖర్చూ తగ్గేది. ఆ పొడి గొంతునే జనం నిజాయతీ అనుకున్నారు. ఇందులో సగం పొదుపే అన్న సంగతి ఎవరికీ పట్టలేదు.

చిక్కంతా కేసుల ఎంపికలో ఉంది. ఫైళ్లు ఇచ్చేది పోలీసు శాఖ, స్క్రిప్టు చూసి సరేననేదీ పోలీసు శాఖే. శాఖ ఇచ్చేవి సహజంగానే తేలిపోయిన కేసులు. అందుకే చివర నిందితుడు కెమెరా ముందు బిక్కమొహంతో నిలబడతాడు, అనౌన్సర్ శిక్ష చదువుతాడు. తేలని కేసు, కోర్టు కొట్టేసిన కేసు, అసలు పట్టుకోవాల్సినవాణ్ని వదిలి ఇంకొకణ్ని పట్టుకున్న కేసు ఈ వడపోతలో నిలబడవు. ఒక్కో ఎపిసోడూ నిజమే కావచ్చు. వందల ఎపిసోడ్లు కలిపి చూస్తే మాత్రం తప్పు చేయని పోలీసు శాఖ ఒకటి తయారవుతుంది. పేర్లు మార్చామని మొదట్లోనే ప్రకటించారు గానీ, ఏం వదిలేశారో చెప్పలేదు.

ఏం వదిలేశారో తెలియాలంటే తేదీలు చూస్తే చాలు. టీవీలో తొలి ప్రసారం జరిగిన తొమ్మిదో రోజున, 1951 క్రిస్మస్ నాడు, లాస్ ఏంజెలెస్ లాకప్పులో పోలీసులు ఏడుగురు యువకులను చావబాదారు. వారిలో ఐదుగురు మెక్సికన్ అమెరికన్లు. మరుసటి ఏడాది ఎనిమిది మంది పోలీసుల మీద అభియోగాలు నమోదైతే, ఐదుగురికి శిక్ష పడింది. ఇదీ ఫైలే, ఇదీ తేలిన కేసే, ఇందులోనూ కోర్టు తీర్పు ఉంది. అప్పుడు శాఖ అధిపతి విలియం పార్కర్. తన శాఖ పరువు కోసం పట్టుదలగా పనిచేసిన ఆయనకు ఫ్రైడేని మించిన ప్రచారకుడు దొరకడు.

ఇందులో వెబ్ మోసం చేశాడని అనలేం. శాఖ మీద అతని గౌరవం నిజమైనదే. వివరాల మీద పట్టింపు కూడా నటన కాదు. కానీ అడుగుల లెక్క ఎంత కచ్చితంగా ఉంటే, ఆ అడుగులు ఎటు పోతున్నాయో అడగాలన్న ఆలోచన ప్రేక్షకుడికి అంత తగ్గుతుంది. 1965లో లాస్ ఏంజెలెస్‌లో నల్లజాతివారు ఎక్కువగా ఉండే వాట్స్ ప్రాంతం అల్లర్లతో భగ్గుమని 34 మంది చనిపోయాక, 1967లో ‘డ్రాగ్నెట్’ రంగుల్లో తిరిగొచ్చింది. ఈసారి ఫ్రైడే వాకబు తగ్గించి ఉపన్యాసాలు ఎక్కువగా ఇచ్చాడు, 1970లో ఆగిపోయింది. 1982లో వెబ్ చనిపోయినప్పుడు లాస్ ఏంజెలెస్ పోలీసు శాఖ జెండాలు అవనతం చేసింది. 714 నంబరు బ్యాడ్జిని ఇక ఎవరికీ ఇవ్వకూడదని నిర్ణయించింది.